పుస్తకాలకు దండం పెట్టే ఊరు

దసరా రోజుల్లో, అందునా మూలా నక్షత్రానికి ముందురోజు, విజయవాడ స్టేషన్లో రైలు దిగేవాళ్లే గాని ఎక్కేవాళ్లు పెద్దగా ఉండరు. కొండ మీది అమ్మవారిని చూడ్డానికి వచ్చిన జనంతో ప్లాట్‌ఫారం మీద కాలు పెట్టే చోటు లేదు. నేను మాత్రం ఉదయం ఆరుంబావుకు చెన్నై వైపు పోయే రైలెక్కి, ఖాళీ పెట్టెలో కిటికీ పక్కన కాళ్లు చాపుకుని కూర్చున్నాను. ఆ ఒక్క సుఖం కోసమైనా ఈ ప్రయాణం ఈ రోజు పెట్టుకోవచ్చు.

అచ్చాఫీసులో ప్రూఫులు దిద్దుతూ కళ్లు పోగొట్టుకున్నవాణ్ని. పని మానేశాక ఊరూరా తిరిగి పల్లెటూరి గ్రంథాలయాలు చూడడం, వాటి గురించి పత్రికలకు రాయడం అలవాటయింది. చూసినవి చాలు అనిపించేంత చూశాను. ఒకచోట బీరువాల ముందు యూరియా బస్తాలు, ఒకచోట పేకాట, ఇంకొకచోట తాళం తుప్పుపట్టి తలుపే తెరుచుకోలేదు. అలా విసిగిపోయి ఉండగా ఒక స్నేహితుడు చెప్పాడు, అల్లూరు దాటాక సముద్రం దగ్గర ఒక పల్లె ఉందనీ, అక్కడ గ్రంథాలయంలోకి వెళ్లాలంటే చెప్పులు బయట విడిచి వెళ్తారనీ. పుస్తకానికి అంత మర్యాద ఇచ్చే ఊరు చూడకుండా పోతే ఎట్లా అని బయల్దేరాను. ఆ ఊరి పేరు మాత్రం రాయను. అక్కడివాళ్ల ఇంట్లో అన్నం తిన్నాను. వెళ్లదలచినవాళ్లు అల్లూరులో దిగి ‘పుస్తకాలమ్మ గుడి’ అంటే ఆటోవాళ్లెవరైనా తీసుకుపోతారు.

పదిన్నర దాటాక నెల్లూరులో దిగాను. స్టేషన్ బయట ఇడ్లీ, కారప్పొడి, పైన గరిటెడు నెయ్యి. నెయ్యికి వేరే డబ్బులడగలేదు. అక్కణ్నించి బస్టాండుకు వెళ్తే అల్లూరు బస్సు కదలడానికి సిద్ధంగా ఉంది. పెన్న వంతెన దాటి, కోవూరు మీదుగా గంటన్నర పట్టింది. దారి పొడుగునా రైతులు నారుమళ్లు దున్నుకుంటున్నారు. తూర్పుకు పోయేకొద్దీ పొలాలు తగ్గి రొయ్యల గుంటలు మొదలయ్యాయి. గుంటల్లో ఫ్యాన్లు నీళ్లు చిమ్ముతున్నాయి. గాలిలో ఉప్పు వాసన, దాని మీద రొయ్యల మేత వాసన.

అల్లూరులో మధ్యాహ్నం భోజనం చేసి షేరాటో ఎక్కాను. ఏడుగురు పట్టే ఆటోలో పదకొండు మందిమి. పక్కన కూర్చున్న ఆమెకు నలభై దాటి నాలుగైదేళ్లు ఉండొచ్చు. రొయ్యల షెడ్డులో పొద్దున షిఫ్టు చేసి వస్తోందని చేతులు చూస్తేనే తెలుస్తోంది. తలలు తీసి తీసి వేళ్ల చివర్లు తెల్లగా నాని ఉన్నాయి. నా చేతిసంచి చూసి అడిగింది.

“పుస్తకాలమ్మ గుడికా సార్? ఎవురికి పరీక్ష, మీ పిల్లోళ్లకా?”

“పరీక్ష లేదమ్మా. గ్రంథాలయం చూద్దామని.”

ఆమె నవ్వింది. “గ్రంథాలయమా! ఆ మాట ఇని శానా ఏళ్లయింది సార్.”

ఆమె పేరు సునీత. ఆ ఊరి కాలనీలోనే ఉంటుంది. దారిలో ఆమె చెప్పినదాన్ని బట్టి కథ ఇది. ఈ ఊరి కుర్రాడు ఒకతను ఇంట్లో చోటు లేక రోజూ ఆ గ్రంథాలయంలో కూర్చుని చదువుకున్నాడు. చదివి చదివి ఐ.ఎ.ఎస్. అయ్యాడు. ఇంకొక ఊరైతే పిల్లల్ని తీసుకొచ్చి ఆ గదిలో కూర్చోబెట్టేది. ఈ ఊరు అలా అనుకోలేదు. ఆ గదిలో ఏదో మహిమ ఉందనుకుంది. మొదట పరీక్షలకు పోయే పిల్లలు వచ్చి హాల్‌టికెట్లు బీరువాకు తాకించి పోయేవారు. తర్వాత ఎవరో కొబ్బరికాయ కొట్టారు. ఆ తర్వాత హుండీ వచ్చింది. పుస్తకం బయటికి ఇస్తే అమ్మవారు ఊరొదిలి పోతుందని ఇవ్వడం మానేశారు.

“మరి నువ్వు చదువుకున్నావా?” అన్నాను.

“డిగ్రీ, బీఈడీ కూడా చేసినా. టీచరు పరీక్షకి ఈ తూరి ఒక్క తూరే ఉండాది నాకు. ఆపైన వయసు దాటి పోతాది.” వేళ్లు కొంగుకు తుడుచుకుని మళ్లీ అంది. “ఆ కలెక్టరు సారుకి నేనే ఉత్తరం రాసినా. కొత్త సిలబస్ పుస్తకాలు ఇవీ ఇవీ కావాలని. పాపం పంపించినాడు సార్, అడిగినవన్నీ. కానీ పార్శిల్ మీద నా పేరు రాయలేదు. గ్రంథాలయం అని రాసినాడు.”

“అయితే?”

“వారం నుంచి గుళ్లో ఉండాది. రేపు పూజలో అమ్మవారి కాడ పెట్టేస్తారు. ఇంక రాదు.” ఆటో దిగుతూ, నా మొహం కేసి చూడకుండా అంది. “మీరు పెద్దోళ్లు, సార్. మీ మాటైతే ఇంటారేమో.”

ఇంకో పల్లెలో అయితే ఇలాంటి మాటకు తల ఊపి నా దారిన నేను పోయేవాణ్ని. ఆ రోజు మాత్రం ఆ పార్శిల్ ఎలాగైనా ఆమె చేతికి ఇప్పించాలని పంతం పట్టాను.

గుడి కమిటీ అధ్యక్షుడు వెంకటసుబ్బయ్య గారు డెబ్బై దాటిన రైతు. తెల్ల పంచె, భుజం మీద తువ్వాలు. నేను పుస్తకాల మనిషినని చెప్పగానే లేచి నిలబడ్డారు. పరీక్షల అభ్యర్థుల కోసం కట్టించిన రెండు గదుల్లో ఒకటి తెరిపించి, మంచం వేయించి, ఫ్యాన్ తిరుగుతోందో లేదో స్వయంగా చూశారు. అద్దె లేదు, హుండీలో తోచినంత వేస్తే చాలు. స్నానాల గది బయట ఉంది, నీళ్లు కాస్త ఉప్పగా ఉంటాయి. వెళ్లేవాళ్లు తాగే నీళ్లు అల్లూరులోనే కొనుక్కోవడం మంచిది.

సాయంత్రం ఐదింటికి గుడిలోకి తీసుకెళ్లారు. గుడి అంటున్నాను గాని అది పెంకుల కప్పుతో ఉన్న పెద్ద గది. గోడ మీద ‘నిశ్శబ్దం పాటించండి’ అనే పాత అక్షరాలు ఇంకా ఉన్నాయి. వాటి కింద గంట కట్టారు. గోడల పొడుగునా టేకు బీరువాలు, అద్దాలకు పసుపు బొట్లు, లోపల పుస్తకాల వీపులు వరసగా నిలబడి ఉన్నాయి. ఎదురుగా ఉన్న నడిమి బీరువాకు తలుపులు లేవు. కింది రెండు అరల్ని మింగి, నడుమెత్తు పుట్ట లేచి ఉంది.

చెదపుట్ట. పసుపు పూసి, కుంకుమ బొట్లు పెట్టి, పైన చామంతి దండ వేశారు. మట్టి మధ్యలో అక్కడక్కడా అట్టల అంచులు, ఒక చోట ఎర్ర కాలికో గుడ్డ బైండింగు మూల కనిపిస్తున్నాయి. కింద పాలు పోసిన తడి, కోడిగుడ్డు పెంకులు.

నేను వంగి ఆ ఎర్ర మూలను దగ్గర్నుంచి చూశాను. ప్రూఫులు దిద్దేవాడికి పుస్తకం వెనక ఎన్ని రాత్రుల కళ్లమంట ఉంటుందో తెలుసు. వెంకటసుబ్బయ్య గారు నేను వంగడాన్ని భక్తి అనుకున్నారు.

“అమ్మవారు తనంతట తనే లేచింది సార్. మొదట మూలన ఇంతే ఉండె. మందు కొట్టిద్దామని ఒకాయన అన్నాడు. పుట్టకి మందు కొడతారా ఎవురైనా? ఆయన్నే నాలుగు మాటలన్నారు ఊళ్లో.”

“అది పుస్తకాలు తింటోంది గదండీ.”

“తింటాది. ఆమె పుస్తకాలు ఆమె తింటాది,” అన్నారు, చాలా మామూలుగా.

పుట్ట ముందు పీట మీద అట్టపెట్టె ఉంది. చుట్టూ టేపు కూడా విప్పలేదు. అడ్రసు మీద కుంకుమ బొట్టు పెట్టారు. ఏటా ఆ కలెక్టరు పంపే పెట్టెల్ని ఇలాగే మూలా నక్షత్రం నాడు పూజ చేసి, విప్పకుండా పుట్ట పక్క అరలో పెడతారట. పాత పెట్టెలు వరసగా ఉన్నాయి. ఒకదాన్ని వేలితో తాకితే పైన అట్ట గట్టిగానే ఉంది గాని, వేలు లోపలికి దిగింది.

“ఆయన ఎప్పుడైనా వచ్చి చూశాడా?” అన్నాను.

“పోయినేడు వచ్చినాడు గదా. సన్మానం చేసినాం. బూట్లు విప్పి లోపలికొచ్చి, కాసేపు గమ్మున నిలబడినాడు. దండం పెట్టుకొని పొయినాడు. మళ్లీ పంపిస్తా అన్నాడు. మాట తప్పలేదు.”

ఆ మనిషి ఆ కాసేపట్లో ఏమనుకుని ఉంటాడో నాకు తెలియదు. ఇంత చదివినవాడు ఒక్క మాట అనలేదేమని మాత్రం కోపం వచ్చింది.

రాత్రి భోజనం వాళ్లింట్లోనే. ఆయన భార్య రమణమ్మ గారు గోంగూర పచ్చడి, పప్పుచారు, వడియాలు వడ్డించారు. అమ్మవారి రోజులని ఇంట్లో చేపలు మానేశారట. నేను సునీత సంగతి ఎత్తాను. పుస్తకాలు ఆమె అడిగితేనే వచ్చాయనీ, ఆమెకు ఇదే ఆఖరి పరీక్ష అనీ, పూజ చేసి ఆమెకే ఇస్తే అమ్మవారు సంతోషిస్తుందనీ నాకు చేతనైనంత మెత్తగా చెప్పాను. ఆయన అన్నం కలుపుతూ ఆలోచించారు.

“మా నాయన ఏలిముద్ర మనిషి, సార్. కాగితంలో ఏముండాదో తెలీక ముద్రేసి మాగాణంతా పోగొట్టుకున్నాడు. రాసిన కాగితం ఏం చేస్తాదో మాకు తెలిసినంత మీకు తెలీదు. ఆ గదిలో పుస్తకాలు ఇస్తా ఉన్నరోజుల్లో ఏం చేసినారో తెల్సా? తీసకపోయి బొరుగులు పొట్లాలు కట్టినారు. బజార్లో అచ్చుకాగితం కాళ్ల కింద పడుంటే నేను ఏరి కళ్లకద్దుకునేవాణ్ని. ఇప్పుడు ఈ ఊళ్లో కాగితం తొక్కేవాడు ఉండాడేమో చూడండి.”

పుస్తకాన్ని తొక్కేవాళ్లనీ చూశాను, ఇలా మొక్కేవాళ్లనీ చూస్తున్నాను. రెండు చోట్లా దాన్ని చదివేవాళ్లు లేరు. అంత చదువుకున్నాననుకునే నేను మజ్జిగన్నం కలుపుకున్నాను. రమణమ్మ గారే అందుకున్నారు.

“ఆ బిడ్డ మంచిదేనయ్యా. అమ్మవారినే అడుగుదాం. పూలు పెడదాం. ఆమె ఇమ్మంటే ఇచ్చేద్దాం.”

వెంకటసుబ్బయ్య గారు ఒప్పుకున్నారు. రమణమ్మ గారికి చేతులెత్తి దండం పెట్టాలనిపించింది నాకు.

పూలు పెట్టడమంటే ఇది. తెల్లపువ్వు ఒకటి, ఎర్రపువ్వు ఒకటి వేరువేరు ఆకుల్లో పొట్లాలు కట్టి దేవత ముందు వేస్తారు. లోపల ఏది ఉందో తెలియని మనిషి ఒకటి తీస్తుంది. తెల్లది వస్తే సరే, ఎర్రది వస్తే వద్దు. పిల్ల సంబంధాలు, బోరు వేసే చోట్లు అన్నీ ఇక్కడ ఇలాగే తేలుతాయి.

పొద్దున ఎనిమిదింటికల్లా గుడి నిండింది. గూడూరు నుంచీ కావలి నుంచీ వచ్చిన పరీక్షల పిల్లలు పెన్నులు పుట్ట ముందు కుప్పపోశారు. వాళ్ల చంకల్లో పుస్తకాలున్నాయి గాని, పూజనాడు తెరవకూడదు గనక ఎవరూ తెరవలేదు. సునీత గడప బయట, చెప్పుల పక్కన నిలబడింది. లోపలికి రమ్మని నేను సైగ చేస్తే తల అడ్డంగా ఊపింది. ఎవరూ ఆమె కులం ఎత్తలేదు, మతం ఎత్తలేదు. ఎత్తకుండానే ఆమె గడప బయట ఉంది.

నేను బయటికి వెళ్లి ఆమె పక్కన నిలబడ్డాను. పూజ చేసే అయ్యవారు మంత్రాలు చదువుతున్నాడు.

“మా చర్చిలో కూడా బైబిలుకి ముద్దులు పెడతారు సార్, కళ్లకద్దుకుంటారు,” అంది మెల్లగా. “కానీ ఆదోరం ఆదోరం తెరుస్తారు.”

హారతి అయ్యాక పొట్లాలు వేశారు. ఎవరికీ అనుమానం రాకుండా రమణమ్మ గారు కళ్లు మూసుకుని తీశారు. సునీత పెదాలు కదులుతున్నాయి. “యేసయ్యా, తెల్లది రానీ, యేసయ్యా” అంటోంది. అమ్మవారి పువ్వు కోసం ఏసుప్రభువును వేడుకుంటున్న ఆమెను చూస్తే నాకు నవ్వు రాలేదు.

ఆకు విప్పారు. తెల్లటి నందివర్ధనం.

సునీత నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. వెంటనే సిగ్గుపడి వదిలేసింది. ఆమె కళ్ల నిండా నీళ్లు. లోపల మాత్రం అందరూ వెంకటసుబ్బయ్య గారి వైపు చూశారు. ఆయన తువ్వాలుతో మొహం తుడుచుకున్నారు.

“ఇది పెద్ద ఇషయం. మూడు తూర్లు అడగాల,” అన్నారు.

“అవును, మూడు తూర్లు,” అన్నారు నలుగురైదుగురు. వాళ్లకు ఊపిరి వచ్చినట్టయింది.

రెండోసారి ఎర్ర మందారం వచ్చింది. మూడోసారి కూడా మందారమే. ఇందులో మోసం జరిగిందని రాస్తే నాకు తేలిగ్గా ఉండేది. జరగలేదు. రమణమ్మ గారు మూడుసార్లూ కళ్లు గట్టిగా మూసుకునే తీశారు. మూడోసారి ఆకు విప్పాక ఆమె మొహం కూడా వాడిపోయింది.

నేను ఆగలేక లోపలికి వెళ్లి అడిగాను. “అయ్యా, మొదట ఎర్రపువ్వు వచ్చుంటే మూడుసార్లు అడిగేవాళ్లా?”

వెంకటసుబ్బయ్య గారు నన్ను వింతగా చూశారు. “మొదట్నే ఎర్రది వస్తే ఇంకెందుకడగడం సార్? వద్దన్నట్టే గదా.”

ఆయన మాటలో కపటం లేదు. ఇద్దరు పట్టి పెట్టెను ఎత్తి పుట్ట పక్కన అరలో పెట్టారు. పైన చామంతులు చల్లారు. పెట్టె బరువుకు అర కింది చెక్క కిర్రుమంది.

పదకొండింటి ఆటోకు సునీత కూడా వచ్చింది. మధ్యాహ్నం షిఫ్టుకు పోవాలట. ఆ పుస్తకాలు విజయవాడలో కొని నేను పంపిస్తానన్నాను.

“పంపండి సార్, వద్దనను. ఫోన్లో చదువుదామంటే ఉండేది ఒక్క ఫోను, మా ఆయన గుంటల కాడికి తీసకపోతాడు. కానీ మా ఇంటికి పంపొద్దు. కావలిలో మా పిన్నమ్మ ఇంటికి పంపండి. మా ఊళ్లో ఎవురికి పుస్తకాల పార్శిలొచ్చినా ముందు గుడికి పోతాది.”

“మరి నువ్వు కావలి పోయి చదవాలా?”

“షెడ్డు సెలవున్నరోజు పోతా. వారానికి ఒక రోజు.” వేళ్లు చూసుకుంటూ అంది, “సరిపోదులే సార్. కానీ పంపండి.”

అల్లూరులో ఆమె షెడ్డు వ్యాను ఎక్కి వెళ్లిపోయింది. ఒకటింబావు బస్సెక్కి నెల్లూరు చేరి, మూడున్నర దాటాక విజయవాడ రైలెక్కాను. ఈసారి పెట్టె నిండా జనమే. అందరూ కొండకు పోయేవాళ్లు. దారిలో ఈ వ్యాసం ఎలా ముగించాలా అని ఆలోచించాను. ఆ ఊరు వెళ్లమనే చెప్తాను. మర్యాదగల మనుషులు, శుభ్రమైన గది, మంచి భోజనం. పుస్తకానికి అంత దండం నేను ఇంకెక్కడా చూడలేదు, ఇక చూడాలనీ లేదు.

కావలిలో ఒక తల్లీ కూతురూ ఎక్కి నా ఎదుట సర్దుకుని కూర్చున్నారు. అమ్మాయి కూర్చోగానే సంచిలోంచి లావుపాటి పుస్తకం తీసి, పెన్సిల్‌తో గీతలు పెట్టుకుంటూ చదవడం మొదలుపెట్టింది. రెండు రోజుల్లో పుస్తకం తెరిచిన మనిషిని చూడడం అదే మొదలు. ఆ పేజీలు తిప్పుతున్న చప్పుడు వింటూ కూర్చుంటే ప్రాణం కాస్త కుదుటపడింది.

తల్లి నా నుదుటి కుంకుమ చూసి పలకరించింది. “యాడికి పొయ్యొస్తుండావన్నా?”

చెప్పాను.

“పుస్తకాలమ్మ గుడికా! మేమూ పోవాలనుకున్నాం, కుదర్లా. ఈ పాపకి వచ్చే నెల్లో పరీక్ష. పుట్టమన్ను ఏమన్నా ఇచ్చినారా అన్నా?”

ఇచ్చారు. బయల్దేరేటప్పుడు రమణమ్మ గారు ఆకులో చుట్టి నా జేబులో పెట్టారు. తీసి చూపించాను. మెత్తటి మన్నులో బియ్యపు గింజంత కాగితపు తునక ఒకటి తెల్లగా ఉంది. ఈ మన్ను వీళ్లకు ఇవ్వకూడదనిపించింది.

“అమ్మా, ఇది చెదపురుగుల మన్ను. అక్కడి పుస్తకాలన్నీ ఇవే తినేశాయి. పరీక్ష రాయాల్సిన ఒకామె పుస్తకాలు ఈ పొద్దు వీటికే పెట్టేశారు. నేను నా కళ్లతో చూశాను. మీ పాప చదువుకుంటోంది, చదవనివ్వండి.”

ఆమె నేను చెప్పిందంతా శ్రద్ధగా విన్నది. మొహంలో ఇంకా భక్తి పెరిగింది.

“పుస్తకాలన్నీ తినేసినాదా? అయితే ఇంకా మంచిది గదన్నా. చదువంతా దీంట్లోనే ఉండాది.”

నా చేతిలోంచి చిటికెడు తీసుకుని కూతురి వైపు తిరిగింది. అమ్మాయి పెన్సిల్ పేజీల మధ్య పెట్టి, పుస్తకం మూసి, కళ్లు మూసుకుని నుదురు ముందుకు వంచింది.